కర్ఫ్యూ నాటి మినపరొట్టె

నేను నర్సుని. ఉద్యోగం చేసినన్నాళ్లూ ఎక్కువగా రాత్రి డ్యూటీలే. మనిషి పోవడం, ఆ మంచం మీద దుప్పటి మార్చడం, తెల్లారేసరికి అదే మంచం మీద ఇంకొకరు పడుకుని ఉండటం నాకు మామూలు. దెయ్యాలనేవి ఉంటే అందరికన్నా ముందు నాకే కనిపించాలి. ఒక్కటీ కనిపించలేదు. కొత్తగా చేరిన పిల్లలు మార్చురీ పక్క వరండాలో నడవడానికి భయపడితే, “మనల్ని సతాయించేది బతికున్న పేషెంట్లేనే, పోయినవాళ్లు ఏం చేస్తారు?” అని ఆటపట్టించేదాన్ని.

పైగా మాది బాప్టిస్టు సంఘం. పోయినవాళ్లు ప్రభువు దగ్గర నిద్రపోతున్నారని నమ్ముతాం. పిండం పెట్టడం, కాకికి ముద్ద వేయడం మాకు లేవు. ఇదంతా ముందే ఎందుకు చెబుతున్నానంటే, ఇది చదివి నాకు మతి పోయిందనో, కథలల్లుతున్నాననో అనుకుంటారని. నా మతి బాగానే ఉంది. కథలు అల్లేంత ఓపిక నాకు లేదు.

మా ఆయన పేరు జయపాల్. విజయనగరంలో ఒక ప్రైవేటు కాలేజీలో చరిత్ర చెప్పేవారు. ఊళ్లో అందరికీ మేస్టారు. తిండి ఆయన సరదా, షుగరు ఆయన జబ్బు. ఆ రెండింటి మధ్య కాపలా కాయడం నా పని.

రెండు వేల పదకొండు ప్రాంతంలో ఆయనకో ఆలోచన వచ్చింది. శనివారం పొద్దున్నే కొంతమందిని వెంటబెట్టుకుని పాత ఊరంతా నడిపించడం, దారిలో ఊరి చరిత్ర చెప్పడం, మధ్యమధ్య బళ్ల దగ్గర ఆపి టిఫిన్లు తినిపించడం. “నడక షుగరుకి మంచిదని నువ్వే కదా అన్నావు” అని నా నోరు మూయించారు. మూడు లాంతర్ల కూడలి దగ్గర మొదలు. కోట చుట్టూ తిరిగి గంటస్తంభం వెనక సందులో ముగింపు. విశాఖపట్నం నుంచి, అప్పుడప్పుడూ హైదరాబాదు నుంచి కూడా వచ్చేవారు. డ్యూటీ లేని వారాల్లో నేనూ వెనకాల నడిచేదాన్ని.

కోట గోడ దగ్గర ఎప్పుడూ ఒకే మాట చెప్పేవారు. “లోపల రాజులు ఏం తిన్నారో పుస్తకాల్లో ఉంది. ఈ రాళ్లు మోసినవాళ్లు పొద్దున్నే ఏం తిని వచ్చారో ఎవరూ రాయలేదు. మనం తినబోయేది అదే.” జనం నవ్వేవారు. ఇంట్లో సాధన చేస్తుంటే విని విని నాకు కంఠతా వచ్చేసింది. ఆ మాట దగ్గరికి రాగానే నాకు ఆవలింత వచ్చేది. అది చూసి ఆయనకు కోపం వచ్చేది.

ఆయనకు రెండు అలవాట్లుండేవి. టిఫిన్ ఆకు చేతికి రాగానే, నడిరోడ్డు మీదైనా సరే, కళ్లు మూసుకుని ప్రార్థన చేసుకునేవారు. ప్రతి బండి దగ్గరా చేసేవారు. “మేస్టారి ప్రార్థన అయ్యేసరికి మా సట్నీ ఎండిపోద్ది” అని బళ్లవాళ్లు వేళాకోళం చేసేవారు. రెండోది, చివరి బండి దగ్గర నాకోసం మినపరొట్టె ఒకటి అడ్డాకులో కట్టించి తెచ్చేవారు. రాత్రి డ్యూటీ చేసి వచ్చి పడుకుని ఉంటానని బెల్లు కొట్టేవారు కాదు. పొట్లం గేటు కొక్కేనికి తగిలించి, పేపరు కొనుక్కోవడానికి వెళ్లిపోయేవారు.

రాష్ట్రం విడదీస్తారన్న గొడవల్లో మా ఊళ్లో కర్ఫ్యూ పెట్టారు. రెండు వేల పదమూడు అక్టోబరు అది. ఆయన అంతకు ముందే కోటబొమ్మాళిలో ఉన్న తన చెల్లెలు మేరీ ఇంటికి వెళ్లి ఉన్నారు. బస్సులు సమ్మెలో ఉన్నాయి. రైళ్లు ఎప్పుడొస్తాయో తెలియదు. నేను ఒంటరిగా ఉన్నానని ఆయనకు ఒకటే హడావుడి. ఆ రోజు చీకటితోనే లేచి, షుగరు మాత్ర వేసుకుని, స్టేషనుకు బయల్దేరారు. చద్దన్నం కలిపి పెడతానని మేరీ అంటే ఆగలేదట. “ఊళ్లో దిగి తింటాన్లే” అన్నారట.

తెల్లవారుతుండగా ప్లాట్‌ఫారం బెంచీ మీద ఒరిగిపోయారు. పక్కనున్నవాళ్లు దగ్గర్లోని ఆస్పత్రికి మోసుకెళ్లారు. మేరీ వాళ్లు పరుగెత్తుకెళ్లేసరికి అయిపోయింది. మాత్ర వేసుకుని తినకపోతే షుగరు పడిపోతుంది. అదే అయ్యుండొచ్చని డాక్టరు అన్నారు, గుండె కూడా కావచ్చన్నారు. నర్సుని కాబట్టి నాకు మొదటి మాటే పట్టుకుంది. చేతిలో ఒక్క ఇడ్లీ ఉన్నా బతికేవారు.

నాకు కబురు చెప్పడానికి మేరీకి ధైర్యం చాలక చాలాసేపు ఆగింది. ఫోన్ వచ్చేసరికి మా ఊళ్లో పొద్దుటి కర్ఫ్యూ సడలింపు అయిపోయి, వీధులు మళ్లీ ఖాళీ అయిపోయాయి. పోలీసుల అనుమతి తీసుకుని, తెలిసినవాళ్ల కారులో వెళ్లాను. మర్నాడు అక్కడే మిషను సమాధుల తోటలో పెట్టాం. తిరిగి వచ్చాక సంఘంవాళ్లకి తప్ప ఊళ్లో ఎవరికీ చెప్పలేదు.

నేను ఏడవలేదు. గట్టితనమేమీ కాదు, రాలేదు. వాక్యం చదువుతున్న పాస్టరు గారి చొక్కా గుండీ ఒకటి ఊడి ఉండటం చూస్తూ కూర్చున్నాను. తిరిగి వచ్చాక నాలుకకు రుచి పోయింది. ఉప్పు వేశానో లేదో తెలియదు, పంచదారా సుద్దముక్కా ఒకటే. అలా అవుతుందని నాకు తెలుసు, పేషెంట్ల ఇళ్లవాళ్లకి చెప్పిన మాటే. తెలిసినంత మాత్రాన రుచి రాలేదు.

మేరీ రోజూ ఫోన్ చేసేది. రోజూ అదే మాట. “అన్నియ్య నా ఇంటికాడి నుంచి కాళీ కడుపుతో ఎల్లిపోనాడొదినా. ఊరందరికీ తినిపించినోడు తినకుండా పోనాడు.” ఓదార్చాలని తెలుసు. ఓదార్చేదాన్ని కాదు. ఎందుకంటే నా లోపల తిరుగుతున్నది కూడా అదే. మనిషి పోవడం నేను చూడనిది కాదు. ఆయన ఆకలితో పోయారన్నదే మింగుడు పడలేదు.

దీపావళి వెళ్లాక విశాఖపట్నం నుంచి ఎవరో ఫోన్ చేశారు. మేస్టారు ఎప్పుడో ఒప్పుకున్నారట, ఈ శనివారం ఒక కుటుంబం నడకకు వస్తున్నారట. ఆయన లేరని చెప్పాలంటే ఎలా పోయారో చెప్పాలి. వాళ్లు అయ్యో అంటారు. దానికి మళ్లీ నేనేదో అనాలి. అంత ఓపిక లేక “రండి” అన్నాను.

ఆ పొద్దున మూడు లాంతర్ల దగ్గర వాళ్లకి మేస్టారు ఊళ్లో లేరని చెప్పి, ఆయన మాటలన్నీ ఆయన వరసలోనే చెప్పాను. కోట గోడ దగ్గర రాళ్లు మోసినవాళ్ల మాట కూడా. వాళ్లు నవ్వారు. ఎవరో టేపురికార్డరు నొక్కితే మోగినట్టుంది నాకు నా గొంతు.

మొదటి బండి సింహాచలంది. పలచటి గుడ్డ మీద మినప్పిండి వేసి ఆవిరి కుడుములు వండుతాడు. నన్ను చూడగానే “మేస్టారు ఏరమ్మా?” అన్నాడు. ఊళ్లో లేరన్నాను.

“ఆ కర్ఫ్యూనాడు వొచ్చినోరు, మరి కనబడనేదు” అన్నాడు కుడుము ఆకులో వేస్తూ. “పొద్దున్న కాసేపు వొదిలినారు కదమ్మా, అప్పుడొచ్చినారు. ఒక్కరే. రోడ్డు మీద పిల్లి కూడా నేదు. రెండు పెట్టించుకుని తిన్నారు. ప్రార్థన కూడా సెయ్యనేదు, అంతాకలి మీదున్నారు.”

వేరే రోజు సంగతి కలిపేసి చెబుతున్నాడనుకున్నాను. ఆ కుటుంబంలో పెద్దావిడ కుడుము ఎలా వండుతారని అడిగితే జవాబు చెప్పాను. ముందుకు నడిచాం.

రెండోది కోటకి అవతలి వైపు. అప్పలనరసమ్మ రాగిపిండితో చోడి అంబలి కాచి అమ్ముతుంది. మజ్జిగ పోసి, ఉల్లిపాయ, పచ్చిమిరపకాయ నంజుకోవడానికిస్తుంది. సింహాచలం బండికీ ఈవిడ బండికీ సంబంధం లేదు. వాళ్లిద్దరికీ మాటలు కూడా లేవు, ఏదో పాత తగువు. నేను ఏమీ అడగకముందే ఆవిడ అందుకుంది.

“మేస్టారికి నా మీద కోపమొచ్చినాదేటమ్మా? ఆ కర్ఫ్యూనాడు అంబలి తాగినారు, మరి ఇటు మొకం సూపించనేదు. పోలీసోల్లు కొడతారు ఇంటికెల్లిపో మేస్టారూ అంటే ఇనరే. ఇంకో గలాసు పొయ్యమన్నారు.”

“ప్రార్థన చేసుకున్నారా?” అని అడిగాను. ఎందుకు అడిగానో నాకు తెలియదు.

ఆవిడ గ్లాసు కడుగుతూ తల అడ్డంగా ఊపింది. “నేదమ్మా. గలాసు అందుకోడం, తాగీడం” అంది.

అప్పటికి కూడా నాకు భయం వేయలేదు. ఒళ్లు చల్లబడిందనీ, రోమాలు నిక్కబొడుచుకున్నాయనీ చెబితే అబద్ధం. పళ్ల డాక్టరు మత్తు సూది వేశాక చెంప తడుముకుంటే అది మనది కాదన్నట్టు ఉంటుందే, అలా ఉంది. కాళ్లు గంటస్తంభం వైపు వాటంతట అవే నడిచాయి.

చివరి బండి పైడిరాజుది. మూకుట్లో మందంగా పిండి పోసి, పైన మూత పెట్టి, మూత మీద నిప్పులు వేసి మినపరొట్టె కాలుస్తాడు. మా ఆయన దగ్గర చదువుకున్నవాడు, డిగ్రీ మధ్యలో మానేసి తండ్రి బండి అందుకున్నాడు. వచ్చినవాళ్లకి రొట్టెలు ముక్కలు చేసి పెట్టేదాకా ఆగి, పక్కకి పిలిచాను. కర్ఫ్యూ రోజుల్లో మేస్టారు వచ్చారా అని అడిగాను.

“వొచ్చినారు కదమ్మా. మీకు తెల్దేటి?”

ఏ రోజని అడిగాను. తడబడతాడనుకున్నాను. తడబడలేదు.

“నేను పొయ్యి ఎలిగించింది ఒక్క పూటేనమ్మా. కర్ఫ్యూ పెట్టకముందు రుబ్బిన పిండి పులిసిపోతన్నాదని, మొదటిసారి వొదిలినప్పుడు పరిగెత్తుకొచ్చి ఉన్న పిండి కాల్సీసినాను. మర్నాటి నుంచి పప్పే దొరకనేదు. ఆ పూటే వొచ్చినారు. ఒక రొట్టె తిన్నారు. ‘ఏటి మేస్టారూ, ప్రార్థన మరిసిపోనారా?’ అనడిగితే, ‘ఇంక అక్కర్లేదురా’ అని నవ్వినారు.”

తర్వాత అతనే అన్నాడు: “మీకు ఒకటి కట్టించుకున్నారు కదా. అందిందా?”

అందింది.

అప్పటిదాకా నాకు గుర్తే లేదు. ఆ పొద్దున సడలింపు అయిపోవస్తోందని వీధిలో మైకులో చెబుతుంటే, ఆఖరి నిమిషంలోనైనా పాలు దొరుకుతాయేమోనని బయటికి వచ్చాను. గేటు కొక్కేనికి అడ్డాకు పొట్లం వేలాడుతోంది. ఈయన కోటబొమ్మాళి నుంచే పైడిరాజుకి ఫోన్ చేసి పంపించి ఉంటారు, కర్ఫ్యూలో కూడా ఈ మనిషికి తిండి గోలే అని నవ్వుకున్నాను. మెట్ల మీద కూర్చుని మొత్తం తినేశాను. అంచులు కరకరలాడుతున్నాయి, లోపల మెత్తగా ఉంది, పిండి పులుపెక్కి ఉంది. ఆకు పారేసి చేతులు కడుక్కుంటుంటే మేరీ ఫోన్ వచ్చింది. ఆ తర్వాత అన్నీ కొట్టుకుపోయాయి, ఆ పొట్లంతో సహా.

పైడిరాజుని అడిగాను, ఫోన్ చేసి చెప్పారా, ఎవరి చేతనైనా పంపావా అని.

“నేదమ్మా. నా ఎదురుగా నిలబడి కట్టించుకున్నారు. ఆ పూట మీ ఈది వైపు ఎల్లే మనిసి ఎవడున్నాడు?”

మేస్టారు లేరని అప్పుడు చెప్పాను, ఏ రోజు పోయారో కూడా. అతని చేతిలో అట్లకాడ ఉంది. అది పట్టుకునే బండి వెనక నేల మీద కూర్చుండిపోయాడు.

తర్వాత నాకు తోచిన దారులన్నీ వెతికాను. ఒకరు పొరబడొచ్చు. మాటల్లేని ఇద్దరూ, ఈ పైడిరాజూ కలిసి ఒకే పొరపాటు ఎలా పడతారు? రోజు మరిచిపోయి ఉంటారనుకుందామా అంటే, రొట్టె తిన్నది నేను. అది ఏ రోజో నాకు ఎవరూ చెప్పక్కర్లేదు. రైలు దొరికి ముందే వచ్చేశారా అంటే, ఆ సమయానికి మేరీ ఆయన పాదాలు పట్టుకుని ఆస్పత్రిలో కూర్చుని ఉంది. పాస్టరు గారికి చెప్పాను. ప్రార్థన చేద్దాం అన్నారు. చేశాం.

ఆ శనివారం వచ్చినవాళ్లని స్టేషను దగ్గర దింపి ఇంటికి వచ్చి, నేనే మొదటిసారి మేరీకి ఫోన్ చేశాను.

“మేరీ, అన్నయ్య తిన్నారు” అన్నాను. “రెండు కుడుములు తిన్నారు. అంబలి తాగారు. రొట్టె తిన్నారు. కడుపు నిండా తిన్నారు.”

ఎవరు చెప్పారని అడుగుతుందనుకున్నాను.

“మరి నువ్వో వొదినా?” అంది.

“నాక్కూడా తెచ్చారు. తిన్నాను” అని చెప్పాను. ఆ మాట అన్నాక నాకు ఏడుపొచ్చింది.

ఇదెలా జరిగిందో నాకు తెలియదు. దెయ్యాలు ఉన్నాయని ఇప్పటికీ నేను అనను. నాలుకకి రుచి ఇంకా పూర్తిగా రాలేదు. శనివారాలు నడక మాత్రం నడిపిస్తున్నాను, ప్రతి బండి దగ్గరా ఆయనలాగే కళ్లు మూసుకుంటున్నాను. పైడిరాజు రొట్టె దగ్గర ఒక్కోసారి కాస్త పులుపు తగులుతుంది. ఎవరైనా గట్టిగా అడిగితే ఒక్కటే చెప్పగలను. ఆ పొద్దున గేటు నుంచి తీసి చేతిలో పెట్టుకున్నప్పుడు, ఆ పొట్లం వేడిగా ఉంది.