అత్తయ్య బోర్డు, నాన్న గొడుగు

ఈమధ్య టీవీ పెడితే చాలు, ఎక్కడో ఒకచోట బాంబులు పడుతున్నాయి. వార్తలు చదివే అమ్మాయి గొంతు వింటే క్రికెట్ మ్యాచ్ చెబుతున్నట్టుంటుంది. మొన్న ఆ అరుపులు భరించలేక టీవీ కట్టేసి కూర్చుంటే మా మేనత్త గుర్తొచ్చింది. ఆవిడే ఉంటే టీవీ కట్టేసి ఊరుకునేది కాదు, బోర్డు పట్టుకుని బస్టాండుకు బయల్దేరేది.

మేము ఆర్‌సీఎం వాళ్ళం, అంటే రోమన్ కాథలిక్కులం, తాతల కాలం నుంచి ఆదివారం పూజ మానని కుటుంబం. అత్తయ్య ప్రత్తిపాడులో సిస్టర్ల బడిలో తెలుగు చెప్పేది. ఆవిడకు అన్నగారైన మా నాన్న సైన్యంలో చేసి, రిటైరై వచ్చి మిరప వేసుకునేవాడు. నాన్న సరిహద్దులో ఉండగా ఒకసారి యుద్ధం వచ్చి, చాలాకాలం కబురు లేదట. అప్పటికి చదువుకుంటున్న అత్తయ్య రోజూ గుడిలో మోకరించి జపమాల చెప్పేది. “మా అన్నయ్యని బతికించు ప్రభువా అని అడుగుతుంటే, అవతలి సిపాయి చెల్లెలు కూడా ఇదే అడుగుతుంటుంది కదా అనిపించిందే. దేవుడు ఎవరి మాట వినాలి?” అనేది నాతో. నాన్న క్షేమంగా తిరిగొచ్చాడు గానీ ఆ ప్రశ్న ఆవిడను వదల్లేదు.

అందుకని ప్రతి శుక్రవారం, ప్రభువు ప్రాణం విడిచిన రోజని, బడి వదలగానే బస్టాండు ఎదురుగా నిలబడేది. చేతిలో అట్టముక్క, దానిమీద టీచర్ల గుండ్రటి అక్షరాల్లో ‘యుద్ధం వద్దు’. జనం ఆవిడను ఎంక్వయిరీ అనుకునేవాళ్ళు. “గుంటూరు బస్సు పోయిందా అండీ?” అని అడిగితే చెప్పేది, చెప్పి బోర్డు కూడా చదవమనేది. మిరపకాయల రోజుల్లో టిక్కీలు, అదే మిరప బస్తాలు, వేసుకున్న లారీలు వరసగా పోతుంటే ఘాటుకు కళ్ళు, ముక్కు కారిపోయేవి. లోకశాంతి కోసం మా అత్తయ్య తుమ్మినన్ని తుమ్ములు ఇంకెవరూ తుమ్మి ఉండరు.

నాన్నకు ఇదంతా నామోషీ. ఇంట్లో పప్పూ గోంగూరా వడ్డించుకుంటూనే వాదించుకునేవాళ్ళు. ఇంతలో సరిహద్దులో మళ్ళీ కాల్పులు మొదలయ్యాయి. ఊళ్ళో ఊరేగింపులు, టపాకాయలు; ఆ శుక్రవారం బడికి సెలవు కూడా ఇచ్చారు. “ఈ ఒక్కవారం మానెయ్. నా యూనిఫాంకి అవమానంగా ఉంది” అన్నాడు నాన్న. “నీ యూనిఫాం కోసమే అన్నయ్యా” అని అత్తయ్య వెళ్ళిపోయింది. నాన్న అన్నం ముందునుంచి లేచి, స్కూటరు తీశాడు. నేను వెనక ఎక్కాను.

మేము వెళ్ళేసరికి కుర్రాళ్ళు ఆవిడ చుట్టూ మూగారు. బోర్డు కింద పడుంది. “దేశం వదిలి పొండి మేడం” అంటున్నాడొకడు. అత్తయ్య కాళ్ళు మాత్రం కదల్లేదు. నాన్నను చూసి వాళ్ళు దారిచ్చారు, మిలిటరీ ఆయన ఆవిణ్ణి గట్టిగా తిడతాడనుకుని. నాన్న వంగి బోర్డు తీసి, దుమ్ము దులిపి ఆవిడ చేతికిచ్చాడు.

“మా చెల్లెలి మాట నేనూ ఒప్పుకోను. ఒరేయ్, మీలో యుద్ధం చూసినవాడు ఎవడన్నా ఉంటే ముందుకు రండి, మాట్లాడదాం” అన్నాడు నెమ్మదిగా. ముందున్నవాడు ఒకడుగు వెనక్కి వేశాడు. “పక్కన పడ్డ స్నేహితుణ్ణి మోసిన భుజం రా ఇది” అని తన భుజం తట్టుకున్నాడు. ఆ మాట మా ఇంట్లో కూడా ఎప్పుడూ అనలేదాయన. కుర్రాళ్ళు ఒక్కొక్కరే జారుకున్నారు. నాన్న స్కూటర్లోంచి గొడుగు తీసి, ఎండ పడకుండా చెల్లెలి నెత్తిన పట్టాడు.

ఆ తర్వాత శుక్రవారాలన్నీ ఇద్దరూ వెళ్ళేవాళ్ళు. “ఒప్పుకున్నట్టేగా అన్నయ్యా?” అనేది అత్తయ్య. “గొడుగు పట్టానంతే, బోర్డు నీది” అనేవాడు నాన్న. అలా పోట్లాడుకుంటూనే ముసలివాళ్ళయ్యారు. ఏడాది తేడాలో ఇద్దరూ వెళ్ళిపోయారు. ఏ యుద్ధం ఎప్పుడు ఆగిందో ఇప్పుడు అడిగితే చెప్పలేను గానీ, ఆ అన్నాచెల్లెళ్ళ వాదన మాత్రం ఇన్నేళ్ళయినా నాకింకా ఆగినట్టు లేదు.