నేల మీద బోర్డు రాసిన చాచా

పోయిన వారం ఒకరోజు పొద్దున్నే గోడ అవతలి నుంచి చాచీ నన్ను పిలిచింది. మామూలుగా ఆ గోడ మీదుగా పిలిచేది చాచా. గొంతు మారిందంటేనే విషయం అర్థమైంది. మా పక్కింటి పెయింటర్ చాచా ఇక లేరు. చాలా ఏళ్లుగా ఉన్న ఆయాసమే తెల్లవారేలోగా ఆయనను తీసుకుపోయింది. మధ్యాహ్నం నమాజు తర్వాత ఖబరస్తాన్‌కు వెళ్లి అందరితో పాటు నేనూ మూడు పిడికిళ్ల మట్టి వేసి వచ్చాను.

మెదక్‌లో చాలామందికి ఆయన రాత తెలుసు, ఆయన తెలియదు. పాత బజారులో కిరాణం, టైలరు, మందుల దుకాణం బోర్డులు సగం ఆయన చేతివే. బోర్డు కింద మూలన పెయింటర్లు తమ పేరు రాసుకోవడం అలవాటు. ఈయన రాసుకునేవారు కాదు. ఎందుకని ఒకసారి అడిగాను.

"దుకాణపోని బోర్డు మీద నా పేరెందుకు బేటా? అండ్ల సామాను నాది గాదు, ఉద్దెర నాది గాదు. జనం వచ్చి నన్ను అడుగుతరు" అన్నారు.

నేను పనిచేసేది రంగులు, ఇనుప సామాను అమ్మే దుకాణంలో. రోజు లెక్కలు రాస్తాను. బడి మధ్యలోనే వదిలేసినవాణ్ణి. ఒత్తులు, గుణింతాలు నాకు కుదిరింది ఆయన రాస్తుంటే పక్కన నిలబడి చూసిన రోజుల్లోనే. ఆయన కుంచె పదును చూసుకోవడానికి ఎడమచేతి బొటనవేలి గోరు మీద ఒక గీత గీసేవారు. ఆ గోరు రంగును బట్టి ఆ రోజు ఏ పని దొరికిందో మాకు తెలిసేది. ఎరుపైతే మందుల దుకాణం, నీలమైతే బడి గోడ. ఫ్లెక్సీలు వచ్చాక ఆ గోరు మామూలు గోరైపోయింది. అప్పుడప్పుడు ఆటోల వెనక నంబర్లు, నీళ్ల ట్యాంకుల మీద పేర్లు. అంతే.

అయినా ఆయన దిగులుగా కూర్చోగా నేను చూడలేదు. ఏదో ఒకటి తెలుసుకోవాలనే తహతహ ఆయనను కూర్చోనిచ్చేది కాదు. ఊరు మారితే మెడ ఎత్తుకుని బోర్డులు చదువుతూ నడిచేవారు, ఎదురొచ్చే వాళ్లను గుద్దుకునేవారు. తాళం బాగుచేసేవాడి దగ్గర నిలబడి, "గిది తిప్పితే లోపలేమైతది?" అని అడిగేవారు. "తెలిసినోడు దొరికితే చాయ్ తాపాలె బేటా, ఫీజు కన్నా సస్త" అనేది ఆయన మాట. నాకు బాగా గుర్తున్నది మాత్రం ఆయన ముసలితనంలో, ఫ్లెక్సీల కాలంలో, రోడ్డు మీద చేసిన పని. మీకు చెప్పాలనుకున్నదీ అదే.

మా బస్టాండు ముందు రోడ్డు ఎలా ఉంటుందో చూసినవారికి చెప్పనక్కర లేదు. పాపన్నపేట, కుల్చారం వైపు షేర్ ఆటోలు ఎడమ పక్కన వరుసగా నిలబడితే, బస్సులు రోడ్డు నడుమనే ఆగేవి. ముసలివాళ్లు, చంటిపిల్లల తల్లులు బండ్ల మధ్యలోకి దిగాల్సి వచ్చేది. అందుకని ఎడమ పక్కన కొంత మేర బస్సులకే విడిచిపెట్టాలని అధికారులు నిర్ణయించారు. ముందు మామూలు పెయింటుతో గీసి చూద్దాం, కుదిరితే తర్వాత ఎక్కువ కాలం నిలిచే వేడి పూత పోద్దాం అనుకున్నారు. కాంట్రాక్టరు దగ్గర ఇంగ్లీషులో 'బస్' అని కోసిన అచ్చు రేకు ఉంది. తెలుగుది లేదు. ఆటోవాళ్లు "ఇంగ్లీషుల రాసి ఫైను వేస్తే ఎట్ల సార్? మాకు సమజ్ గావద్దా?" అని అడ్డం తిరిగారు. పని చూస్తున్న కుర్ర ఇంజనీరు మా దుకాణానికి పెయింటు కోసం వచ్చినప్పుడు, ఊళ్లో చేత్తో రాసేవాళ్లు ఎవరైనా ఉన్నారా అని అడిగాడు. నేను మా చాచా ఇల్లు చూపించాను.

చాచీ నవ్వింది. "గోడలు అయిపాయె, ట్యాంకులు అయిపాయె, ఇగ నేల మీద పడ్డవా?"

"నేల ఒక్కటే ఇంక ఫ్లెక్సీకి దొరకలే" అన్నారు చాచా.

ఒక ఆదివారం రోడ్డుకు అడ్డం కట్టి పని ఇచ్చారు. ఆయన వరుస తప్పకుండా సుద్ద దారం కొట్టి, బోర్డు రాసినట్టే రెండు వరుసలు రాశారు. పైన 'బస్సులకు', కింద 'మాత్రమే'. ఒక్కో అక్షరం మూరెడు పైనే. ఒంపులు ఎంత నిండుగా ఉన్నాయంటే, దారిన పోయేవాళ్లు ఆగి చూశారు. చాలా రోజుల తర్వాత బొటనవేలి గోరు మీద తెల్లగీత కనిపించింది.

మర్నాడు చూసుకుందామని వెళ్లారు. ఆటోలు సరిగ్గా ఆయన అక్షరాల మీదే నిలబడి ఉన్నాయి. బస్సు రోడ్డు నడుమ ఆగింది. దిగిన డ్రైవరును చాచా అడిగారు, "ఏం సాబ్, రాసింది కనవడతలేదా?"

"రాసినవా? నాకైతే ఎవలో వాకిట్ల ముగ్గు తొక్కిపోయినట్టు కనవడ్డది చాచా" అన్నాడు డ్రైవరు.

ఇంజనీరు కూడా బస్సెక్కి చూసి వచ్చాడు. అతను మర్యాదస్థుడు. "ఏమనుకోకండి చాచా. ఇంగ్లీషు రేకుతోనే రాయిస్తాం. తెలుగు మీద నల్ల పెయింటు కొట్టిస్తాను" అన్నాడు. చాచాతో పాటే వచ్చి నల్ల డబ్బా మా దుకాణంలోనే తీసుకున్నాడు.  ఆ డబ్బా మూత తెరుచుకుంటే, మళ్లీ ఎవరూ ఈయనను పనికి పిలవరు. చెరిపేయాల్సిన రాతే ఆఖరి రాతగా మిగులుతుంది. అది చాచాకూ తెలుసు, నాకూ తెలుసు.

ఆయన బాధపడతారేమో అనుకున్నాను. మొహంలో బాధ కంటే వింత ఎక్కువ కనిపించింది. "నేను సూస్తే కనవడుతుంది, ఆయన సూస్తే కనవడతలేదు. గదెట్ల? కండ్లు అందరివీ కండ్లే గదా?" అన్నారు. ఇంజనీరుతో, "జర ఆగుండ్రి సార్. మళ్ల ఆదివారం దాకా ఆ డబ్బా తెరవకుండ్రి. నా రాత డ్రైవరుకు ఎందుకు కనవడదో సూడనియ్యుండ్రి" అని అడిగారు. అతను ఒప్పుకున్నాడు.

ఆ వారం చాచా బస్సుల్లోనే తిరిగారు. ఊరి బయటి స్టాపు దాకా నడిచిపోవడం, తూప్రాన్ నుంచి వచ్చే బస్సెక్కడం, డ్రైవరు పక్కన ఇంజను మూత మీద కూర్చుని బస్టాండు దాకా రావడం. వేడికి కింద తువ్వాలు వేసుకునేవారు. దిగి మళ్లీ నడిచేవారు. ఆయాసం అప్పటికే ఉంది. కండక్టరు, "చాచా, ఇంట్ల గొడవైందా?" అని అడిగితే, "అక్షరానికీ నాకూ అయింది" అన్నారట.

ఒక సాయంత్రం గోడ మీదుగా పిలిచారు. "బేటా, మస్తు తమాషా ఉంది. పైకి రా."

డాబా మీద సుద్దతో 'బస్సు' అని రెండు చోట్ల రాసి ఉంది. ఒకటి మామూలుగా, ఇంకొకటి సేమియాలా బారుగా సాగదీసి. "ఆ కొనకు పోయి పండుకో. గదమ నేలకు ఆనియ్యి. ఇగ సూడు" అన్నారు. పడుకున్నాను. మామూలు అక్షరం నలిగిన బట్టలా కనిపించింది. సాగదీసిన అక్షరం మాత్రం బోర్డు మీది అక్షరంలా నిలబడింది. ఆయనా నా పక్కన బోర్లా పడుకున్నారు.

బట్టలు తీయడానికి చాచీ పైకి వచ్చింది. "యా అల్లా! ముసలోనికైతే మతి పోయింది. నువ్వు లెక్కలు రాసేటోనివి, నీకేమైంది?"

"నువ్వు గూడ పండుకో, ఎర్కైతది" అన్నారు చాచా.

"నేను పండుకుంటే కూర ఎవలండుతరు?" అని ఆమె ఆ బారెడు అక్షరాన్ని దాటుకుంటూ వెళ్లిపోయింది.

"బోర్డు మీద అక్షరం నిలవడి ఉంటది బేటా. రోడ్డు మీద పండుకొని ఉంటది. లేపాలంటే సాగదియ్యాలె" అని చెప్పుకుపోయారు చాచా. ఇంకో రెండు సంగతులు కూడా పట్టారు. రెండు వరుసలు రాస్తే బస్సులో వచ్చేవాడికి కింది వరుస ముందు ఎదురవుతుంది. "ముందుగాల్ల 'మాత్రమే' అని వస్తది. ఎవలకు మాత్రమే? తలుపు ఎన్కకెల్లి సగం మాట ఇన్నట్టు ఉంటది." అందుకని ఆ మాట తీసేసి ఒక్క 'బస్సు' చాలనుకున్నారు. పైగా మన అక్షరానికి ఒత్తు కింద ఉంటుంది కాబట్టి, "తెలుగుకు కాళ్లు ముందుగాల్ల వస్తయ్, తలకాయ ఎన్క వస్తది" అని నవ్వారు. ఆ కాళ్లు కలిసిపోకుండా ఒత్తుకూ అక్షరానికీ మధ్య జానెడు ఎడం ఎక్కువ ఇవ్వాలని తేల్చారు.

ఇంజనీరుకు ఇదంతా చెబితే అతను తల పట్టుకున్నాడు. "అయ్యో చాచా, రూల్లో ఉన్నదే అది. రోడ్డు మీద రాతను పొడుగ్గా సాగదీయాలి. ఇంగ్లీషు రేకు అట్లనే కోస్తారు. నేనే మీకు ముందు చెప్పాల్సింది."

చాచా మొహం వెలిగిపోయింది. "అట్లనా! అయితే నాకన్న ముందు ఇంకెవలో పండుకొని సూసిండన్నట్టు" అన్నారు. ఆ మనిషి ఎవరో, ఏ దేశంలో ఏ రోడ్డు మీద పడుకున్నాడో అని చాలా రోజులు అడుగుతూనే ఉన్నారు. ఇంజనీరుకు చాయ్ తాగించి ఇంకో సందేహం తీర్చుకున్నారు. బస్సుల దారిని వేరు చేసే తెల్లగీత పొడుగునా తెగకుండా ఉండి, గల్లీ మలుపు దగ్గర ముక్కలు ముక్కలుగా ఎందుకైంది?

"తెగని గీతను దాటొద్దు చాచా. గల్లీలోకి ఎడమకు తిరిగేవాళ్లు బస్సుల దారిని దాటే పోవాలి కదా? అందుకని అక్కడ ముక్కలు పెడతాం. చూసుకుని దాటొచ్చు."

"అంటే ఆపుడే గాదు, ఇడుసుడు గూడ రూల్ల రాసిండ్రు" అన్నారు చాచా. ఆ మాట ఆయనకు ఎంత నచ్చిందంటే, తర్వాత ఇంట్లోనూ అదే లెక్క. చాచీ కోపంగా ఉంటే గోడ మీదుగా నాకు చెప్పేవారు, "ఇయ్యాల తెగని గీత ఉంది బేటా, ఇటు రాకు." కోపం తగ్గితే, "ముక్కలైంది, రా, చాయ్ తాగుదాం."

మళ్లీ ఆదివారం వచ్చింది. పాత రాత మీద నల్ల పెయింటు తానే వేసుకున్నారు. ఆరాక, రెండు మంచాల పొడుగున 'బస్సు' రాయడం మొదలుపెట్టారు. ఊపిరి అందక మధ్య మధ్య రోడ్డు మీదే కూర్చున్నారు. చూసేవాళ్లు ఈసారి మెచ్చుకోలేదు. ఆటో వెనక ఆయనతోనే నంబరు రాయించుకున్న అతనే ముందు వెక్కిరించడం మొదలుపెట్టాడు. "ఏం చాచా, చెయ్యి వణుకుతుందా? ఒంటె మెడ లెక్క సాగింది. అయినా మా అడ్డా మీదనే రాస్తివి, మా పొట్ట గొడితివి."

"నీ పొట్టకు గల్లీ ఉంది, ముక్కల గీత ఉంది. చూసుకొని దాటు, ఆడ నిలవడు. బస్సుకు గీ జాగనే ఉన్నది" అన్నారు చాచా లేవకుండానే.

అడ్డం తీసిన తర్వాత మేమిద్దరం అవతలి పక్క నిలబడ్డాం. ఇంజనీరు కూడా ఉన్నాడు. ముగ్గు తొక్కినట్టుందన్న డ్రైవరే బస్సుతో వస్తున్నాడు. చాచా నా మోచేయి గట్టిగా పట్టుకున్నారు. బస్సు దూరం నుంచే ఎడమకు వచ్చి, గీత లోపల బస్టాండు మెట్టు పక్కనే ఆగింది. డ్రైవరు కిటికీలోంచి తల బయటపెట్టి, "సదివిన చాచా! మూల మీదికెల్లే సదివిన" అని అరిచాడు.  బస్సులోంచి కర్రతో ఒక ముసలమ్మ దిగి, బండ్ల కోసం అటూ ఇటూ చూడకుండానే లోపలికి నడిచిపోయింది. ఆమె కనిపించినంత సేపూ చాచా అటే చూశారు.

ఆటోలు ఒక్కరోజులో కదలలేదు. వాన పడితే ఇప్పటికీ ఒకటీ అరా అక్కడే నిలబడతాయి. కానీ బస్సులు మాత్రం ఎడమకే ఆగుతున్నాయి, ఆ రాత అక్కడే ఉంది.

చాచీకి మాత్రం నమ్మకం కుదరలేదు. ఆమె ఆ రోడ్డున నడిచి పోయిందే తప్ప, ఆ వైపు నుంచి బస్సులో ముందు కూర్చుని ఎన్నడూ రాలేదు. "వంకరనే ఉంది, మీరంత ముసలోని మనసు నొవ్వద్దని చెప్తున్నరు" అనేది. చాచా, "ఒకపారి నా ఎంబడి బస్సుల రా" అని పిలుస్తూనే ఉన్నారు. ఆమె రేపు అనేది. ఆ ప్రయాణం వాయిదా పడుతూనే పోయింది.

మొన్న పరామర్శకు వెళ్లాను. చాచీ పరదా వెనక ఉంది. భర్త పోయినవాళ్లు పాటించే ఇద్దత్ గడువు ముగిసే దాకా ఆమె ఇల్లు దాటదు.  లోపలి నుంచే అడిగింది. "బేటా, ఒక్కటి నిజం చెప్పు. గా రాత సక్కగనే కనవడతదా? నేను రేపు, రేపు అంటి. నువ్వన్న సూసి చెప్పు."

డాబా మీద సుద్దరాత చూశానే గానీ, రోడ్డు మీది రాతను బస్సులోంచి నేనూ ఎన్నడూ చూడలేదు. నడుస్తూనే చూశాను. మర్నాడు దుకాణం పని మీద తూప్రాన్ వెళ్లి, తిరిగి వచ్చేటప్పుడు ముందు సీటులో కూర్చున్నాను. ఎండ వాలుతోంది. మూల తిరగగానే రోడ్డు ఖాళీగా ఉంది. ముందు ఒక తెల్లటి మరక కనిపించింది. ఒత్తు దగ్గర బస్సులు బ్రేకు వేసే చోట పెయింటు అరిగి, బూడిద రంగుకు తిరిగింది. చూస్తుండగానే మరక అక్షరమైంది. పడుకుని ఉన్న రాత మెల్లగా లేచి, పాత బజారులో దుకాణం మీది బోర్డులా, నిండు ఒంపులతో, ఎక్కడా వంకర లేకుండా మా ఎదురుగా నిలబడింది. డ్రైవరు స్టీరింగు ఎడమకు తిప్పాడు. అక్షరాలు దగ్గరికి వచ్చి, పెద్దవై, బస్సు కిందికి వెళ్లిపోయాయి.