బాడిశ పిడి

పోయిన శ్రావణంలో ఒక మంగళవారం, ఉదయం పది గంటలు. సత్తెనపల్లి దగ్గర మా వడ్రంగి కొట్టం. మా ఊరి బడిలో పిల్లలకు పాత పనిముట్లు చూపిస్తారట. చనిపోయిన మా నాన్న బాడిశను శుభ్రం చెయ్యమని పెద్దకొడుకు శ్రీనుకి నేనే చెప్పాను. దుంగలు చెక్కీ చెక్కీ దాని కర్రపిడి మీద నాన్న వేళ్ల గుంటలు పడ్డాయి. వాటిలో నా వేళ్లు పెడితే ఆయన చెయ్యి పట్టుకున్నట్టే ఉండేది.

“చూడు నాన్నా, పాలిష్ మిషనుతో అద్దంలా చేశా!” అన్నాడు శ్రీను.

పట్టుకున్నాను. పిడి నున్నగా ఉంది. గుంటలు లేవు.

“ఒరేయ్, అది మీ తాత చెయ్యిరా!” నా భార్య సీతమ్మ కేకేసింది.

“నాన్నేగా శుభ్రం చెయ్యమంది?”

నిజమే. నేనే అన్నాను.

ముసలితనంలో అక్షరాలు నేర్చి ఇది రాస్తున్నాను. ఇప్పటికీ ఏ పిడి పట్టినా నా వేళ్లు ఆ గుంటల కోసం వెతుకుతాయి. ఆ రోజు కొట్టంలో ఉన్నది నేను, సీతమ్మ, శ్రీను. మిషను తిరిగేదాకా మా నాన్న కూడా ఉన్నాడు.