‘రుబాబ్’ సంపాదకుడి ఆదివారాలు

సూరత్ రింగ్ రోడ్డులో, చీరల హోల్‌సేల్ మార్కెట్ నాలుగో అంతస్తులో ‘రుబాబ్’ అనే హిందీ మాసపత్రిక పన్నెండేళ్ళు నడిచింది. మగవాళ్ళ పత్రిక. నడిపినవాడు ఉమాకాంత్. తండ్రి లస్మయ్య సిరిసిల్ల వైపు నుంచి వచ్చి సూరత్‌లోని ఉధనాలో పవర్‌లూమ్ మీదే బతుకు గడిపాడు. కొడుక్కి ఆ చప్పుడు పడలేదు, హిందీ మాత్రం బాగా అబ్బింది. అతను ఒక మిల్లులో గుమాస్తాగా ఉన్నప్పుడు, యంత్రాలు బిగించడానికి స్వీడన్ నుంచి వచ్చిన ఇంజనీరు తమ దేశపు మగవాళ్ళ పత్రిక ఒకటి బల్ల మీద మరిచిపోయి వెళ్ళాడు. అందులో ఒక్క అక్షరం అర్థం కాలేదు. కానీ మంచులో పొడవాటి కోటు వేసుకుని నిలబడ్డ నెరిసిన గడ్డం మనిషిని ఉమాకాంత్ చాలాసేపు చూశాడు. ఇంత గుడ్డ నేసే ఊళ్ళో, దాన్ని ఎలా తొడుక్కోవాలో మగవాడికి చెప్పేవాడు లేడనిపించింది.

రెండు వేల ఎనిమిదిలో మొదటి సంచిక తెచ్చాడు. ఐదేళ్ళు తిరిగేసరికి సూరత్ నుంచి వాపీ దాకా ‘రుబాబ్’ లేని సెలూన్ లేదు. పెళ్ళిచూపులకు వెళ్ళే కుర్రవాళ్ళు దర్జీకి అందులోని బొమ్మ చూపించి సూటు కుట్టించుకునేవారు. సూటింగుల కంపెనీలు వెనక అట్ట కోసం పోటీపడేవి. చివరి పేజీలో ‘బడే భాయి’ పేరుతో పాఠకుల ప్రశ్నలకు జవాబులు వచ్చేవి. ఆ బడే భాయి ఉమాకాంతే. ఊరందరి పెళ్ళి బట్టల సంగతీ చూసినవాడు, తన పెళ్ళి సంగతి వచ్చే నెల చూద్దామనుకుంటూ వయసు దాటించేశాడు.

తర్వాత అందరి చేతుల్లోకీ ఫోన్లు వచ్చాయి. సెలూన్‌లో వంతు కోసం కూర్చున్నవాళ్ళు తల వంచి ఫోనే చూసుకునేవారు. ప్రకటనలూ అటే వెళ్ళాయి. ఫోటోగ్రాఫర్ పెళ్ళి వీడియోలకు వెళ్ళిపోయాడు. చివరికి రాసేదీ, పేజీలు పెట్టేదీ, స్కూటర్ మీద కట్టలు వేసేదీ ఉమాకాంత్ ఒక్కడే అయ్యాడు. రెండు వేల ఇరవై మార్చిలో ఏప్రిల్ సంచిక అచ్చయి వచ్చిన వారానికే లాక్‌డౌన్ పడింది. సెలూన్లు మూసేశారు. కట్టలన్నీ అడాజన్‌లోని అతని ఫ్లాట్ హాల్లోనే ఉండిపోయాయి.

మూడో వారానికి, మనిషితో మాట్లాడి ఎన్ని రోజులయిందో అతనికే గుర్తు లేదు. పొద్దుపోక, బడే భాయికి వచ్చిన ఉత్తరాల సంచి విప్పాడు. బట్టతల, కాలరు, బూట్ల రంగు. మధ్యలో ఒకటి, సూరత్ శివారు ఇచ్ఛాపూర్‌లో ఫ్యాక్టరీలో పనిచేసే నర్సింగం రాసింది: ‘నేను ఇక్కడికి వచ్చి నాలుగేళ్ళు. ఆదివారం ఎవరితో మాట్లాడాలి?’ తను ఏం జవాబిచ్చాడో పాత సంచికలో వెతికి చూశాడు. ‘తెల్ల చొక్కా ఇస్త్రీ చేసి వేసుకో. సాయంత్రం డుమస్ బీచ్‌కి వెళ్ళు. మంచి చొక్కా వేసిన మనిషి దగ్గరికి మనుషులు వాళ్ళే వస్తారు.’ అప్పట్లో ఆ వాక్యం చూసుకుని మురిసిపోయాడు. ఇప్పుడు రెండోసారి చదవలేకపోయాడు. ఉత్తరం కింద ఫోన్ నంబరు ఉంది. చేశాడు.

“ఎవరు?”

“నర్సింగమేనా? నేను రుబాబ్ నుంచి మాట్లాడుతున్న, ఉమాకాంత్‌ని. ఆరేండ్ల కింద నువ్వు ఉత్తరం రాసినవ్.”

“బడే భాయా? మీరు తెలుగోళ్ళా సార్?”

“అవు. సిరిసిల్ల దిక్కు.”

“తెలిస్తే తెలుగులనే రాస్తుంటి గద.”

“నేను చెప్పినట్టు డుమస్ పోయినవా?”

“పోయిన సార్. తెల్ల అంగి కొనుక్కొని నాలుగు ఐతారాలు పోయిన.”

“ఎవరన్న మాట్లాడిండ్రా?”

“లే సార్. టమాటా భజియా తిని బస్సెక్కి వచ్చిన.” అంతలోనే సర్దిచెప్పాడు. “జర ఏమనుకోకుండ్రి. సముద్రం మంచిగుండె.”

“నేను తప్పు జవాబు రాసిన తమ్మీ.”

“గంత మాట ఎందుకు సార్. నా పేరు అచ్చుల వచ్చింది. ఖోలీల అందరికి చూపెట్టిన.”

నర్సింగం గదిలో మిగిలినవాళ్ళంతా ఒడిశా వాళ్ళు, వాళ్ళలో వాళ్ళు మాట్లాడుకుంటారు. ఆ రోజు నుంచి ఇద్దరూ రోజూ ఫోన్‌లో మాట్లాడుకున్నారు. ఏం వండావు, పప్పులో ఏం వేశావు, ఎక్కువగా అవే. మే నెలలో నర్సింగం వలస కూలీల రైలెక్కి ఊరికి వెళ్ళాడు. తర్వాత నంబరు పనిచేయలేదు. ఉమాకాంత్ సాయంత్రం పూట చేసి, గుజరాతీలో రికార్డు గొంతు చెప్పేదంతా విని పెట్టేసేవాడు.

మరుసటి ఏడు పత్రిక మూసేశాడు. వీడ్కోలు సంచిక రాద్దామని కూర్చున్నాడు గానీ, ఎవరికి రాస్తున్నాడో తోచక లేచాడు. హాల్లోని కట్టలు పాత కాగితాలవాడు పట్టుకెళ్ళాడు. ఇప్పుడు ఒక చీరల వ్యాపారికి వాట్సాప్‌లో పెట్టే ఫోటోల కింద రెండేసి లైన్లు రాస్తున్నాడు: రంగు, అంచు, జాకెట్టు ముక్క ఉందా లేదా.

పత్రిక మూసేసిన ఏడు డిసెంబరులో నర్సింగం తిరిగొచ్చి, కొత్త నంబరు నుంచి ఫోన్ చేశాడు. ఆదివారం ఇంటికి రమ్మన్నాడు ఉమాకాంత్. కోడికూర వండి, ఇస్త్రీ చొక్కా వేసుకుని ఎదురుచూశాడు. వచ్చిన మనిషి పొట్టిగా, అనుకున్నదానికంటే పెద్దవాడిగా ఉన్నాడు. మాస్కు గడ్డం కిందికి దించి సోఫా అంచున కూర్చున్నాడు.

“పని దొరికిందా?”

“దొరికింది సార్.”

“ఇంటికాడ అందరు మంచిగున్నరా?”

“ఉన్నరు.”

ఇద్దరూ వంచిన తల ఎత్తకుండా తిన్నారు. కూర బాగుందని నర్సింగం రెండుసార్లు అన్నాడు. అరగంటకు లేచాడు. ఉమాకాంత్ బస్‌స్టాప్ దాకా వెంట నడిచాడు. బస్సు రావడం ఆలస్యమైంది. ఇద్దరూ రోడ్డు వైపు చూస్తూ నిలబడ్డారు.

మరుసటి ఆదివారం ఫోన్ మోగింది.

“సార్, మీరు ఎదురుంగ కూసుంటే నాకు మాట రాలే.”

“నాకు గూడ గంతే.”

“ఫోన్లనే మంచిగుంటది.”

ఆ రోజు గంటసేపు మాట్లాడుకున్నారు. ఇద్దరికీ మధ్య మహా అయితే బస్సులో ముప్పావు గంట దూరం. మళ్ళీ కలుసుకుందామని మాత్రం ఇద్దరూ అనలేదు. ఆదివారం పదకొండింటికి ఉమాకాంత్ వంట ముగించి, ఫోను పక్కన పెట్టుకుని కూర్చుంటాడు. కొన్ని వారాలు నర్సింగానికి ఓవర్‌టైం పడుతుంది. అప్పుడది మోగదు. ఒంటిగంట దాకా చూసి, అన్నం పెట్టుకుంటాడు.