అధికారం లేదనే జడ్జిగారు

మా తాత ఆర్విడ్ స్టెన్‌క్విస్ట్ అమెరికాలోని కాన్సస్‌లో ఫెడరల్ జడ్జి, అంటే రాష్ట్రానిది కాదు, కేంద్రం వాళ్ళ కోర్టు. ఏ తగువు ఎదురైనా ఆయన నోట ముందుగా వచ్చే ముక్క ఒకటే: "అసలిది తేల్చే అధికారం నాకుందా?" ఉంటే ఏం చేసేవాడో మాకు తెలీదు. ఎప్పుడూ ఉండేది కాదు.

మనవలం టీవీ కోసం జుట్లు పట్టుకుంటే, టీవీ మీ అమ్మ గదిలో ఉంది గనక అది మీ అమ్మ కోర్టు అనేవాడు. పక్కింటి కుక్క మా పెరట్లో గొయ్యి తవ్వితే, గొయ్యి మనదే గాని కుక్క మనది కాదని తప్పుకునేవాడు. ఈయన నన్ను పెళ్ళాడ్డానికి ఎవరిదగ్గర అధికారం తెచ్చుకున్నాడో అని హిల్డా నానమ్మ చర్చిలో అందరికీ చెప్పి నవ్వేది.

ఇలా ఉండగా ఓ సుడిగాలి మా చుట్టుపక్కల ఇళ్ళ కప్పులన్నీ ఎత్తుకుపోయింది. వాటికి బీమా రాసిన మెడోలార్క్ కంపెనీ ఆ దెబ్బకి దివాలా తీసింది. రాష్ట్ర కోర్టు ఆస్తులు చూసుకోడానికి ఓ రిసీవరును పెట్టి, కంపెనీకి మిగిలినదంతా తన చేతిలోకి తీసుకుంది. అక్కడి చట్టంలో ముందు వరస పాలసీదారులది. మిగతా అప్పులవాళ్ళు ఆ తర్వాతే. మిగిలినవాటిలో ఘనమైనది కంపెనీ మేడ ఒక్కటే. అది మాదంటూ చికాగో బ్యాంకు ఒకటి మా తాత కోర్టుకొచ్చి దావా వేసింది.

బడికి సెలవు గనక ఆవేళ నేనూ వెళ్ళి వెనక బల్లమీద కూర్చున్నాను. నా పక్కన మర్టిల్ బోగ్స్ అనే ముసలావిడ. ఆవిడ ఇంటికి కప్పు బదులు నీలం టార్పాలిన్ ఉంది. మేడ బ్యాంకుకు పోయిందంటే ఆవిడకి ఆ టార్పాలినే గతి.

బ్యాంకు లాయరు తాతని మునగచెట్టు ఎక్కించబోయాడు. ఇంతటి వ్యవహారం ఇంతటి జడ్జిగారి చేతులమీదుగానే తేలాలన్నాడు. తాత చెట్టెక్కలేదు.

"ఆ మేడ రాష్ట్ర కోర్టు ముందే పట్టుకుంది కదండీ. ఒకరి చేతిలో ఉన్నదాన్ని నేను లాక్కోలేను. నాకు అధికారం లేదు. మీ గోడేదో అక్కడే చెప్పుకోండి."

మర్టిల్ గారి మొహం పాలిపోయింది. "అంటే ఓడిపోయామా పిల్లా?" అని నా చెయ్యి పట్టుకుంది. నాకేం తెలుసు? నేను తాతకేసి చూశాను. తాత పైనుంచి చూశాడు.

"ఎవరూ ఓడిపోలేదమ్మా. ఎవరిదో తేల్చేది ఆ కోర్టు. నేను ఊరికే 'చూద్దాం' అన్నాననుకోండి, అప్పీళ్ళు తెమిలేసరికి మీకెన్ని చలికాలాలు గడిచిపోతాయో. పని కాని గుమ్మం ముందు జనాన్ని నిలబెట్టకూడదు. అందుకే మొదటిరోజే చెప్పేస్తున్నాను."

అప్పట్నుంచి తాతకి కొత్త జబ్బు పట్టుకుంది. ప్రతి శనివారం నన్ను కారెక్కించుకుని మంగలిషాపుకి బయల్దేరేవాడు. ఆయన నెత్తిమీద వారంవారం కత్తిరించేంత పంట ఎక్కడిది? పైగా దగ్గరి దారి వదిలేసి ఊరంతా చుట్టేవాడు. మర్టిల్ గారి వీధిలోకి రాగానే కారు నత్తనడక నడిచేది.

"తాతా, ఆవిడ ఇంటికేసి ఎందుకలా చూస్తావు? నీకు అధికారం లేదుగా?"

"చూడ్డానికి అధికారం దేనికే?"

ఆకులు రాలే రోజుల్లో రాష్ట్ర కోర్టు మేడ కంపెనీదేనని తేల్చింది. పాలసీదారులకి డబ్బులందాయి. ఆ తర్వాత ఓ శనివారం మేం వెళ్ళేసరికి మర్టిల్ గారింటి మీద కొత్త కప్పు మెరుస్తోంది. ఫెడరల్ జడ్జిగారు వీధి వీధంతా బయటికొచ్చేలా హారన్ మోగించారు. వరండా ఊడుస్తున్న మర్టిల్ గారు, కారులో ఎవరో తెలీకపోయినా, చీపురెత్తి ఊపింది.

తాత కారు తిప్పి, ఈలవేసుకుంటూ తిన్నగా ఇంటికి పోనిచ్చాడు. మంగలి సంగతి ఆయనకీ గుర్తులేదు, నేనూ గుర్తుచేయలేదు.