గడప దగ్గరి షాబాదు బండ

పాల్మాకులలో మా ఇంటి ముందరి గది నేల కుంగింది. టైల్స్ వేయిద్దామన్నాడు కొడుకు. నేను ఒప్పుకోలేదు. షాబాదు బండ ఒకవైపు అరిగితే తిరగేసి వేసుకోవచ్చు. ఇంట్లో బండలుండగా కొత్తవెందుకు? మేస్త్రీని పిలిపించాను.

గడప దగ్గరి బండను గడ్డపారతో లేపి తిరగేసి, అతను ఆగిపోయాడు.

“పెద్దమ్మా, గిదేందో జర చూడు. నీళ్లు పారినట్టున్నది.”

మట్టి తుడిచి చూశాను. బండ నిండా సన్నటి అలలు. చెరువు ఒడ్డున నీళ్లు కదిలితే ఇసుక మీద పడే గీతల్లాగే ఉన్నాయి. తడిమితే గట్టిగా, చల్లగా తగిలాయి.

కాలేజీలో చదివే మనవరాలు వచ్చి వంగి చూసింది. “నాయనమ్మా, ఇది ఒకప్పుడు సముద్రం కింది బురద. పొర మీద పొర పడి రాయైంది. అప్పటికి మనుషులే లేరు.”

“మనుషులు లేకుంటే చూసిందెవరే?”

“ఎవ్వరు చూడలే. అయినా ఉన్నది కదా!”

ఆ మాట నన్ను వదల్లేదు. నా పెద్దబిడ్డ నడక నేర్చింది ఈ బండ మీదే. నాలుగేళ్లప్పుడు జ్వరంతో పోయింది. ఫోటో లేదు. ముఖం ఇప్పుడు సరిగ్గా గుర్తుకు రాదు. ఒక్కటే మిగిలింది. నేను అప్పుడే తుడిచిన నేల మీద తడి కాళ్లతో ఉరికింది. “ఏందే, మళ్ల తుడవాల్నా?” అని గదమాయించాను. గడప దగ్గర చిన్న పాదం, ఐదు వేళ్లతో సహా, తడిగా పడింది. నేను గుడ్డ పిండుకుని వచ్చేలోగా ఆరిపోయింది.

ఎవరూ చూడని అల ఉంది. నేను చూసిన పాదం లేదు.

“అలలే పైకి వేయించు నాయనమ్మా, అందరు చూస్తరు,” అంది మనవరాలు.

“వద్దు. దీనికి పాత దిక్కే పైకి.”

“అరిగిందే మళ్ల ఎయ్యాల్నా? మరి నాతోటి లేపిచ్చుడెందుకు?” అన్నాడు మేస్త్రీ.

“లేపినందుకు కూలి నీకే కదా. ఎయ్యి.”

ఇప్పుడు గదంతా కొత్తగా ఉంది, ఆ ఒక్క బండ తప్ప. దాన్ని అన్నిటికన్నా చివర తుడుస్తాను. ఆరేదాకా ఎవరినీ అటు రానివ్వను. ఊరి పక్కనే ఉన్న ఎయిర్‌పోర్టులో విమానం దిగుతుంటే నేల సన్నగా అదురుతుంది. అడుగున నీళ్లు కదిలినట్టుంటుంది. పైన తడి అంచుల నుంచి తగ్గుతూ వస్తుంది. రోజూ చివరికి ఆరేది గడప పక్కన అరచేతంత చోటు. అక్కడ అరిగి గుంత పడిందంటుంది మనవరాలు. అయి ఉండవచ్చు. నేను దాని మీద కాలు పెట్టను.