కొమ్ముపురుగు ఆటలో తిరగేసిన మాట

మీరెవరో నాకు తెలియదు. అందుకే మీకు చెప్పగలుగుతున్నాను. తెలిసినవాళ్లకి చెబుదామని ఎన్నిసార్లు నోరు తెరిచానో అన్నిసార్లూ ఇంకేదో మాట్లాడి ఊరుకున్నాను. నేనన్నది ఒకే ఒక్క వాక్యం. గట్టిగా నాలుగు మాటలు కూడా లేవు అందులో. దాన్ని ఇన్నేళ్లుగా మోస్తున్నాను. ఏ స్టేషన్లోనూ రాసుకునే నేరం కాదు. అయినా నన్ను నిమ్మళంగా కూర్చోనివ్వలేదు. ఇంకో సంగతి, ఇదంతా ఒక పురుగు గురించి. అదీ కంప్యూటర్లో పురుగు. నవ్వొస్తే నవ్వండి, నాకూ మొదట్లో నవ్వే వచ్చింది.

రెండు వేల దశకం మొదట్లో అమలాపురంలో ఎంసీఏ చదివాను. ఆఖరి సెమిస్టరులో ఇద్దరిద్దరు కలిసి ఒక ప్రాజెక్టు చెయ్యాలి. క్లాసంతా లైబ్రరీ మేనేజ్‌మెంటు మీదా హాస్పిటల్ మేనేజ్‌మెంటు మీదా పడింది. సీనియర్ల ఫ్లాపీలు చేతులు మారుతున్నాయి, పైన పేర్లు మారిస్తే చాలు. నాకు జోడీగా సలోమి వచ్చింది. మామిడికుదురు అమ్మాయి. ఆరో తరగతి నుంచీ హాస్టళ్లలో పెరిగింది. మాట తక్కువ, బొమ్మ వేస్తే మాత్రం చూస్తూ ఉండిపోవాలి. ఆట చేద్దామన్నది తనే. పురుగు ఆట.

మామూలు ఆటల్లో పురుగు కనిపిస్తే కాల్చాలి. మా ఆటలో మీరే పురుగు. కొబ్బరి చెట్టు నడినెత్తిన లేత ఆకుల మొవ్వులు కొరికే కొమ్ముపురుగు తెలుసు కదా, దాని పిల్ల. పెంటకుప్పలో గుడ్డు లోంచి బయటికొచ్చిన దగ్గర్నుంచి, తెల్లగా బొటనవేలంత లావై, గూడు కట్టుకుని, కొమ్ముతో ఎగిరిపోయేదాకా దాన్ని బతికించాలి. పైపొరలో ఉంటే ఎండ, పొద్దున్నే వచ్చి కెలికే కోళ్లు. పక్కల నుంచి చీమలు. అడుగుకి పోతే వానొచ్చినప్పుడు మునిగిపోవడం. ఎప్పుడు దిగుతుందో తెలియని పార. వీటన్నిటికీ మించి ఆకుపచ్చ బూజు. అది అంటుకుందంటే పిల్ల బిగుసుకుపోయి, రెండు మూడు రోజుల్లో ఒళ్లంతా పచ్చగా పిండి పట్టినట్టయిపోతుంది. సలోమి ఆ చచ్చిన పిల్ల బొమ్మ వేసిన రోజు మా ల్యాబులో ఇద్దరు అన్నం మానేశారు.

ఈ ప్రమాదాలన్నీ మాకు చెప్పింది ఏసుపాదంగారు, సలోమి వాళ్ల నాన్న. మా తోటలో చెట్లెక్కి కొబ్బరి దింపు తీసేది ఆయనే. మా ఇంట్లో ఆయన్ని గారు అన్నవాళ్లు లేరు, నాతో సహా. సైకిలు మీద వచ్చేవాడు. హ్యాండిలుకి ఒక కొబ్బరి చిప్ప తాడుతో వేలాడుతూ ఉండేది. అందులో బూజుపట్టి చచ్చిన పురుగు పిల్లలు. దింపు అయ్యాక వాటిని నీళ్లలో నలిపి, ఆ బూజు బతికున్న పిల్లలకీ అంటుకునేలా పెంటకుప్పలో తడిగా ఉన్నచోట చల్లి వెళ్లేవాడు. ఎవరూ చల్లమనలేదు. చల్లినందుకు ఎవరూ ఏమీ ఇవ్వలేదు. ఏ తోటకి వెళితే ఆ తోటలో చల్లేవాడు.

తొంభై ఆరు తుపానుకి పడిపోయిన చెట్లు ఏళ్ల తరబడి చేలగట్ల మీదే కుళ్లాయి. కొమ్ముపురుగులు వాటిలో పుట్టి, మిగిలిన చెట్ల మొవ్వులు కూడా తినేస్తుంటే ఈయన ఒక్కొక్క మొద్దూ చీల్చి చూశాట్ట. ఎండు మొద్దుల్లో పిల్లలు బలంగా ఉన్నాయి. నీడన తడిగా నానుతున్న మొద్దుల్లో పచ్చబడి చచ్చి ఉన్నాయి. అలా కనిపెట్టాడు, తడి ఉంటేనే బూజు అంటుకుంటుందని. పుస్తకాల్లో అప్పటికే ఉంటే ఉండొచ్చు. ఆయన పుస్తకం చూడలేదు. తన కళ్లతో చూశాడు. ఆయన బతుకులో ఇది నాకు తెలుసు అని తలెత్తి చెప్పుకున్నది, నాకు తెలిసి, అదొక్కటే.

ఆయన చెబుతుంటే రాసుకున్నది నేను. మా తోటలోనే, అరుగు మీద కూర్చుని, ఆయన కింద నిలబడి. సలోమికి వాళ్ల నాన్న పనేమిటో తెలుసు గానీ ఆ పనిలో ఏముందో తెలియదు, హాస్టలు చదువాయె. నోటుపుస్తకంలో సరిగ్గానే రాశాను. "బూజు తడిలోనే." కింద గీత కూడా గీశాను.

ప్రోగ్రాము రాసేటప్పుడు తిరగబడింది. పొడి పొర ఒకటి, తడి పొర రెండు అని అంకెలు పెట్టుకున్నాను. బూజు దగ్గర రెండు వెయ్యాల్సిన చోట ఒకటి వేశాను. అంతే. ఆటలో బూజు పొడిలో అంటుకోవడం మొదలైంది. ఆడి ఆడి సలోమి అదే నియమం అనుకుంది, వాళ్ల నాన్న అలాగే చెప్పాడనుకుంది. పెంటకుప్పలో చెయ్యి పెట్టినవాళ్లెవరికైనా చూడగానే తెలిసేది. నేనెప్పుడు పెట్టాను గనక? ముక్కు మూసుకుని అవతల నించి నడిచిపోయేదాన్ని.

వైవాకి రెండు రోజుల ముందు నోటుపుస్తకం తిరగేస్తుంటే ఆ గీత కనిపించింది. ఆటలో తిరగబడిందని అప్పుడు తెలిసింది. ఒక్క అంకె మారిస్తే సరిపోదు, కోళ్ల వేగం, వాన వచ్చే సమయం అన్నీ మళ్లీ సరిచూసుకోవాలి. కంప్యూటరు పరీక్షలో పురుగు సంగతి ఎవరడుగుతారులే అనుకున్నాను. సలోమికి చెప్పలేదు. ఎందుకు చెప్పలేదు? బద్ధకమా? నా ప్రోగ్రాములో తప్పుండదని క్లాసంతా అనుకునే పేరు పోతుందనా? ఇన్నేళ్లుగా ఈ రెండింటి మధ్యా తిరుగుతున్నాను. బద్ధకం అనుకుంటే కాస్త ఊరటగా ఉంటుంది కాబట్టి ఎక్కువసార్లు అదే అనుకుంటాను.

వైవా పొద్దున తెలిసింది, మా హెడ్డుగారు ముచ్చటపడి కాకినాడ ఎగ్జామినరుతో పాటు ఒక వ్యవసాయాధికారిని కూడా పిలిచారని. మా కోసమే. సలోమి అది ముందే విని వాళ్ల నాన్నని రమ్మంది. ఆయన ఇస్త్రీ చొక్కా వేసుకుని వచ్చి, ల్యాబు బయట అందరి చెప్పుల పక్కనా తన చెప్పులు విడిచి, తలుపు దగ్గర నిలబడ్డాడు. నాకు అప్పుడైనా అరగంట ఉంది. అధికారిగారు టిఫిను చేస్తున్నారు. సలోమిని పక్కకి పిలిచి చెప్పొచ్చు. పిలిచాను కూడా. జడ సర్దుకో అన్నాను.

సలోమి ఆడి చూపించింది. పిల్లని పొడి పొరలోంచి తడిలోకి లాగి, "పొడిలో ఉంటే బూజు పడుతుంది సార్, అందుకే కిందకి దించాలి" అంది, హుషారుగా. తనంత హుషారుగా మాట్లాడడం నేనెప్పుడూ చూడలేదు. అధికారిగారు కుర్చీ ముందుకి జరుపుకున్నారు.

"పొడిలోనా? ఎవరు చెప్పేరమ్మా?"

"మా నాన్నగారు సార్. అరుగో, బయటున్నారు."

అధికారిగారు నవ్వారు. చెడ్డ నవ్వు కాదు. "తిరగేసి చెప్పేరమ్మా. పొడిలో బూజెక్కడ పడుతుంది?" అని నా వైపు తిరిగారు. "నువ్వేనా రాసుకున్నది?"

ఇక్కడ ఆగుతాను. నా సంచిలో నోటుపుస్తకం ఉంది. గీత ఉంది. చేతికి అందేంత దూరంలో ఉంది.

"ఆయన చెప్పిందే రాశానండి" అన్నాను.

ఏసుపాదంగార్ని లోపలికి పిలిచారు. "ఏవయ్యా, బూజు పొడిలో అంటుకుంటుందని చెప్పేవా?" అని అడిగారు. ఆయన ముందు అధికారిని చూశాడు, తరవాత నన్ను చూశాడు. ఎంతసేపు చూశాడో చెప్పలేను. నేను మానిటరు వైపు చూస్తున్నాను.

"ఆయ్," అన్నాడు. "చెప్పేనేమోనండి. అమ్మాయిగారు రాసుకున్నారు కదండీ. నోరు జారుంటాను."

మా వైపు ఆ ఆయ్ ఆలోచన కంటే ముందే వచ్చేస్తుంది. పెద్దవాళ్లు అడిగితే ముందు ఆయ్, నిజం తరవాత. అందులోనూ, తను దింపు తీసే తోట వాళ్ల అమ్మాయి అబద్ధం ఆడుతోందని నలుగురిలో ఆయన ఎలా అంటాడు? సలోమి మొహం ఎర్రబడింది. నా మీద కోపంతో కాదు. వాళ్ల నాన్నని పిలిచినందుకు. నాకు ప్రోగ్రాముకి మంచి మార్కులొచ్చాయి, చెప్పింది వాళ్ల నాన్న కాబట్టి తనకి విషయసేకరణలో కోతపడింది. విషయసేకరణ చేసింది నేను.

ఇక నేను నన్ను ఓదార్చుకున్న తీరు చెప్పాలి. అది చెప్పకపోతే ఈ ఒప్పుకోలు సగమే. ఆయనకి నిజం తెలుసు అనుకున్నాను. తెలిసీ, నా పరువు కాపాడడానికి నింద నెత్తిన వేసుకున్నాడనుకున్నాను. మర్యాదస్తుడు, పెద్దమనసు. అలా అనుకుంటే మా ఇద్దరి మధ్యా ఏదో రహస్యమైన ఒప్పందం ఉన్నట్టుండేది. కొన్నాళ్లు దాని మీదే నిద్రపోయాను.

మూడు నెలలకి మళ్లీ దింపుకి వచ్చాడు. నేను అరుగు మీదున్నాను. సైకిలు హ్యాండిలుకి చిప్ప లేదు. మర్చిపోయాడేమో అనుకున్నాను. ఆ తరవాతి దింపుకీ లేదు. మా నాన్న పెంటకుప్ప చూపించి, "ఏం ఏసుపాదం, ఈసారి పిల్లలు ఎక్కువున్నట్టున్నాయే, నీ మందు చల్లలేదా?" అని అడిగితే ఆయన తలగోక్కుని, అంతా అయోమయంగా ఉందండీ, ఆఫీసరుగార్ని అడిగి చల్లించుకోండి, నేను చల్లితే ఎటుపోయి ఎటొస్తుందో అన్నాడు.

అప్పుడు తెలిసింది. ఆయన నన్ను కాపాడలేదు. నన్ను నమ్మాడు. చదువుకున్న పిల్ల పుస్తకంలో రాసుకుంది కాబట్టి, తను తిరగేసే చెప్పి ఉంటానని నిజంగానే అనుకున్నాడు. ఒకసారి చెప్పడంలో తప్పితే, చూడడంలోనూ తప్పానేమో అనే దాకా పోయాడు. మొద్దులు చీల్చి చూసిన కళ్ల మీద నమ్మకం పోయింది. ఆయన మర్యాద మీద నేను కట్టుకున్న మేడంతా ఆ ఖాళీ హ్యాండిలు దగ్గర కూలిపోయింది.

అప్పుడైనా చెప్పొచ్చు కదా? చెప్పొచ్చు. అరుగు దిగితే పది అడుగులు. దిగలేదు. ఆ ఏడూ మరుసటి ఏడూ మా తోటలో లేత మొక్కల మొవ్వులు కత్తెర వేసినట్టు తెగిపోయి వచ్చాయి. మాది పోతే పోయింది, తగినశాస్తి. చుట్టుపక్కల తోటల్లోనూ అలాగే వచ్చాయి. వాళ్లెవరికీ కారణం తెలియదు. గాలి మారిందన్నారు, రోజులు మారాయన్నారు. నేనూ అవునన్నాను. సిగ్గులేకుండా తలాడించాను.

ఉద్యోగం వచ్చింది. పెళ్లయింది. ఆయన పోయాడని ఆ దశకం చివర్లో తెలిసింది. జ్ఞాపకార్థ కూడికకి మామిడికుదురు వెళ్లాను. షామియానా కింద ప్లాస్టిక్ కుర్చీల్లో కూర్చున్నాం. పాట అయ్యాక సలోమి మాట్లాడింది. అప్పటికి తను రాజోలు వైపు ఒక స్కూల్లో టీచరు. నాన్న ఎంత కష్టపడి చదివించాడో చెప్పింది, ఏడ్చింది. తరవాత కళ్లు తుడుచుకుని చిన్నగా నవ్వుతూ అంది, పాపం మా నాన్నకి చదువు లేదండి, తెలిసీ తెలియకుండా ఏదో చెప్పేవాడు, ఒకసారి నా పరీక్షలో పురుగు సంగతి మొత్తం తిరగేసి చెప్పి ఎంత కంగారు పెట్టాడో అని. జనం ప్రేమగా నవ్వారు. సలోమి నా వైపు చూసింది, గుర్తుందా అన్నట్టు.

నేనూ నవ్వాను. అబద్ధం రెండోసారి ఆడడానికి నోరు కూడా అక్కర్లేకపోయింది.

ఆయన కూతురు ఆయన్ని అలా గుర్తుపెట్టుకుంది. రేపు తన పిల్లలకీ అలాగే చెబుతుంది. తాతయ్య మంచివాడు, పాపం ఏమీ తెలిసేది కాదు అని. నేను చేసింది అది. మార్కులు, మొవ్వులు అన్నీ దాని తరవాతే.

ఫోను చేసి చెప్పొచ్చు కదా అని మీరంటారు. నంబరుంది. మూడుసార్లు కలిపాను. మూడుసార్లూ పిల్లలెలా ఉన్నారు అని అడిగి పెట్టేశాను. క్షమించమని అడిగితే తను వెంటనే పోనీలెద్దూ అంటుంది, ఆ నాన్న కూతురే కదా. ఆ పోనీలే నాకు అక్కర్లేదు. పొందడానికి అర్హత లేదు, పొందినా నిలవదు. ఈ కాగితం మీద నా పేరు రాయడం లేదు, అదీ పిరికితనమే, ఒప్పుకుంటున్నాను. కానీ ఆయన పేరూ సలోమి పేరూ రాశాను. ఇప్పుడు మాత్రం, అబద్ధమెందుకు, ఊపిరి కాస్త లోపలిదాకా వెళుతోంది.

సలోమీ, ఇది నీ కంటపడితే చదువు. పడకపోతే ఇంకెవరైనా చదివి నీకు చెప్పాలి. మీ నాన్న తిరగేసి చెప్పలేదు. తడిలోనే అన్నాడు. రెండుసార్లు అన్నాడు, నేను సరిగ్గా రాసుకున్నానో లేదో అని రెండోసారి నెమ్మదిగా, నిలిపి అన్నాడు.